కట్టి కూల్చిన నగరాలు: స్పెయిన్ కళాదర్శకుడు హిల్ పర్రోందో

1965లో స్పెయిన్ రాజధాని మాడ్రిడ్ శివారున, కనీయాస్ అనే చోట మాస్కో నగరం వెలిసింది. సుమారు 10 ఎకరాల నేల మీద వీధులు వేశారు, ట్రాం పట్టాలు పరిచారు, అంగళ్ళూ మేడలూ లేపారు. పాస్టర్నాక్ నవల 'డాక్టర్ జివాగో'ను డేవిడ్ లీన్ సినిమాగా తీస్తున్న రోజులవి. ఆ నవల మీద సోవియట్ దేశంలో నిషేధం ఉంది కనుక అసలు మాస్కోలో తీసే వీలు లేదు. అందుకని రష్యాను స్పెయిన్‌కు తెచ్చారు. మాడ్రిడ్ వేసవి ఎండలో మనుషులు ఉన్నికోట్లు తొడుక్కుని, పాలరాతి పొడి మంచు మీద వణుకుతూ నడిచారు. ఒక రాత్రి ఊరేగింపు దృశ్యం తీస్తూ కార్మికుల అంతర్జాతీయ గీతం పాడించారట. చుట్టుపక్కల ఇళ్ళవాళ్ళు అది విని నియంత ఫ్రాంకో పని అయిపోయిందేమోనని అనుకున్నారని, పోలీసులు కూడా వచ్చి నిలబడ్డారని సినిమావాళ్ళు ఇప్పటికీ కథగా చెప్పుకుంటారు.

ఆ మాస్కో కట్టిన బృందంలో ఒక స్పెయిన్ దేశస్థుడు ఉన్నాడు. పేరు హిల్ పర్రోందో. ఇంగ్లీషు అక్షరాల్లో చూస్తే 'గిల్' అని చదువుతాం గాని, స్పానిష్ వాళ్ళ నోట అది 'హిల్'. ఆయన జీవితంలో బాగ్దాద్, పెకింగ్, రోము, అకాబా, టాంజియర్, జారు చక్రవర్తి అంతఃపురం అన్నీ చేతిమీదుగా లేచాయి, చేతిమీదుగానే కూలాయి. రెండేళ్ళు వరుసగా ఆస్కార్ బహుమతి అందుకున్న ఈ మనిషి పేరు మనలో ఎందరికి తెలుసు? నాకూ చాలాకాలం తెలియదు. నేను సినిమా పండితుణ్ణి కాను, బి.కాం. చదివి బ్యాంకు కొలువులో చేరిన వాణ్ణి. అందుకే కాబోలు, ఈయన కథ చదువుతున్నకొద్దీ అది నాకు రంగుల కథగా కంటే రూకల కథగానే ముందు అర్థమైంది. ఆ దారినే పాఠకులకు చెప్పే ప్రయత్నం చేస్తాను.

మన పాత తెలుగు సినిమాల టైటిళ్ళలో 'కళ' అని ఒక్క మాట వేసి కింద పేరు వేసేవారు. 'మాయాబజార్'లో ఆ మాట కింద గోఖలే, కళాధర్ గార్ల పేర్లు కనబడతాయి. ఆ పనే హాలీవుడ్‌లో ఆర్ట్ డైరెక్టర్ పని. 1939లో వచ్చిన 'గాన్ విత్ ద విండ్'కు పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్ కోసం 'ప్రొడక్షన్ డిజైనర్' అన్న హోదా పుట్టింది. సినిమా మొత్తం కంటికి ఎలా కనబడాలి అన్నది తేల్చేవాడు ఈయన. కథ చదివి బొమ్మలు గీస్తాడు, కొలతలతో ప్లాన్లు వేస్తాడు, చోటు వెతుకుతాడు. దొరికిన చోటు ఎంతవరకు పనికొస్తుంది, ఎంత కట్టాలి, ఎంత కప్పెట్టాలి అని లెక్క కడతాడు. ఆ పైన వడ్రంగులు, తాపీ పనివాళ్ళు, ప్లాస్టర్ పోతపోసేవాళ్ళు, పెయింటర్లు దిగుతారు. కొత్తగా కట్టినదానికి పాతదనం పూయడం ఈ పనిలో సగం.

హిల్ పర్రోందో 1921 జూన్ 17న ఆస్తూరియాస్ ప్రాంతంలోని లుఆర్కాలో పుట్టాడు. స్పెయిన్‌కు ఉత్తరాన, సముద్రం ఒడ్డున ఉన్న చేపల రేవు అది. పొడి నేలలు, మండే ఎండలు అని మనం అనుకునే స్పెయిన్ కాదది, వానలూ పచ్చికబయళ్ళూ ఉన్న నేల. మాడ్రిడ్‌లోని శాన్ ఫెర్నాందో లలితకళల పాఠశాలలో ఆయన చిత్రలేఖనం నేర్చుకున్నాడు. ఆయనకు 15 ఏళ్ళప్పుడు, 1936 జూలైలో అంతర్యుద్ధం మొదలైంది. 1939 ఏప్రిల్‌లో ముగిసేసరికి 18వ ఏడు నిండబోతోంది. ఫ్రాంకో గెలిచాడు, దేశం చితికిపోయింది. ఆ సంవత్సరమే ఈ కుర్రవాడు సినిమా సెట్ల మీద సహాయకుడిగా చేరాడు. బొమ్మలు గీసుకు బతకడం కష్టం, సినిమాకు గోడలు గీస్తే కూలి దొరుకుతుంది. ఆ కాలానికి అది చిన్న సంగతి కాదు.

ఆయనకు పని నేర్పిన గురువు సీగ్‌ఫ్రీదో బుర్మన్. జర్మనీలో పుట్టి స్పెయిన్‌లో స్థిరపడ్డ రంగస్థల చిత్రకారుడు. ఫ్రాంకో ఏలుబడి మొదటి పదేళ్ళలో అక్కడ చారిత్రక చిత్రాలు విరివిగా వచ్చాయి. రాణులు, రాజులు, సామ్రాజ్య వైభవం. కడుపు నిండని జనానికి పాత వైభవం చూపించడం ప్రభుత్వానికీ ఇష్టమే. 1948లో వచ్చిన 'లొకూరా దె అమోర్' అలాంటిదే, దానికి సెట్లు వేసినవాడు బుర్మన్. కాగితపు ముద్దను అచ్చుల్లో పోసి ఆరబెట్టి, రాయిలా రంగువేస్తే కోటగోడ అయిపోతుంది. ఆ సరుకును స్పానిష్‌లో 'కర్తోన్ పియెద్రా' అంటారు, అంటే రాతి అట్ట. ఆ సినిమాలను వెక్కిరించడానికి కూడా జనం ఆ మాటే వాడారు. రాయి కొనే స్తోమత లేని దేశంలో అట్టతో రాయి చేయడం నేర్చిన తరం పర్రోందోది. 1940లలో, 50లలో లూయిస్ పేరెజ్ ఎస్పినోసా అనే తోటి కళాకారుడితో జతకట్టి ఎన్నో స్పానిష్ సినిమాలకు పనిచేశాడు.

ఇక ఇక్కడ రూకల సంగతి చెప్పుకోవాలి. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత యూరప్ దేశాలన్నిటికీ డాలర్ల కరువు. అమెరికా సినిమాలు ఆడి టిక్కెట్ల మీద డబ్బు వస్తుంది. ఆ డబ్బును డాలర్లుగా మార్చి పట్టుకుపోతామంటే ఏ ప్రభుత్వమూ ఒప్పుకోలేదు. కొంత పంపుకోవచ్చు, మిగతాది ఇక్కడే ఉంచాలి, ఇక్కడే ఖర్చు పెట్టుకోవాలి అని కట్టుదిట్టం చేశాయి. బ్యాంకు భాషలో చెప్పాలంటే అది బ్లాక్డ్ అకౌంట్. ఖాతాలో సొమ్ము మీదే, తీసుకుపోయే హక్కు మాత్రం లేదు. విదేశీ మారకపు ఆంక్షల కాలం చూసిన మన దేశం వాళ్ళకు ఇది కొత్త కాదు. మన దగ్గర కూడా అమెరికా కంపెనీల రూపాయలు ఇలా చిక్కుకుపోయేవి. 1969లో వచ్చిన మర్చంట్-ఐవరీ వారి 'ద గురు'కు ట్వెంటియత్ సెంచురీ ఫాక్స్ కంపెనీ పెట్టిన పెట్టుబడి ఆ చిక్కుపడ్డ రూపాయలే.

స్పెయిన్‌లో ఈ చిక్కు మరీ ఎక్కువ. 1953లో అమెరికా, ఫ్రాంకో ప్రభుత్వం సైనిక స్థావరాల ఒప్పందం చేసుకున్నాయి. అంతవరకు వెలిగా ఉన్న దేశానికి తలుపు కొంచెం తెరుచుకుంది. చిక్కుపడ్డ పెసెటాలను ఖర్చుచేసే దారి కోసం చూస్తున్న కంపెనీలకు స్పెయిన్‌లో కావలసినవన్నీ దొరికాయి. కాసే ఎండ, కోటలు, ఎడారి, మంచుకొండ అన్నీ ఒక్క దేశంలోనే. కూలి చవక. సైన్యం అద్దెకు దొరుకుతుంది, గుర్రాలతో సహా. 1959లో స్పెయిన్ ఆర్థిక స్థిరీకరణ పథకం తెచ్చి పెసెటా విలువ తగ్గించి డాలరుకు 60గా కట్టింది. అప్పుడు ఖర్చు ఇంకా కలిసొచ్చింది. సమ్మె చేస్తే జైలు అన్న పరిస్థితి కూడా పెట్టుబడిదారుకు ఒక సదుపాయమే. చెప్పడానికి బాగుండదు గాని, లెక్కలో అదీ రాయాలి.

అలా వచ్చిన సినిమాలకు స్థానికంగా పని తెలిసిన మనిషి కావాలి. ఆ మనిషి పర్రోందో అయ్యాడు. ఆర్సన్ వెల్స్ 'మిస్టర్ ఆర్కాదిన్' (1955)కు అలంకరణ పని చేశాడు. రాబర్ట్ రాసెన్ 'అలెగ్జాండర్ ద గ్రేట్' (1956), స్టాన్లీ క్రామర్ 'ద ప్రైడ్ అండ్ ద పాషన్' (1957) వరసగా వచ్చాయి. 1958లో వచ్చిన 'సెవెంత్ వాయేజ్ ఆఫ్ సింద్‌బాద్' మనవాళ్ళకూ బాగా తెలిసిన సినిమా. మా బళ్ళారిలో ఆదివారం పొద్దున ఆటలకు పాత ఇంగ్లీషు సినిమాలు తెచ్చి వేసేవారు, ఒంటికన్ను రాక్షసుణ్ణి నేను అక్కడే చూశాను. రాక్షసుణ్ణి కదిలించినవాడు రే హారీహౌసెన్ అని తర్వాత చదివాను. ఆ బాగ్దాద్ రాజమందిరం మాత్రం గ్రనాదాలోని అల్‌హంబ్రా అని, రాక్షసుల దీవి మయోర్కా దీవి అని, వాటికి సినిమా రూపం ఇచ్చిన కళాదర్శకుడు పర్రోందో అని తెలియడానికి చాలా ఏళ్ళు పట్టింది. తక్కువ ఖర్చు సినిమా అది. ఉన్న కట్టడాన్ని వాడుకుని, లేనిదాన్ని మాత్రమే కట్టే నేర్పు అందులో కనబడుతుంది. అల్‌హంబ్రా కూడా అరబ్బు రాజులు కట్టించినదే కదా. బాగ్దాద్ వేషం దానికి చక్కగా నప్పింది.

ఇంతలో శామ్యూల్ బ్రాన్‌స్టన్ మాడ్రిడ్‌లో దిగాడు. 1908లో బెస్సరేబియాలో పుట్టి అమెరికాలో నిర్మాతగా ఎదిగినవాడు. డ్యుపాంట్ వంశానికి చెందిన పియరీ డ్యుపాంట్ ఆయన అప్పులకు హామీదారుగా నిలబడ్డాడు. ఇంకా తీయని సినిమాల హక్కులను దేశదేశాల పంపిణీదారులకు ముందే అమ్మి, ఆ ఒప్పందాలను చూపించి అప్పు తేవడం బ్రాన్‌స్టన్ పద్ధతి. చమార్తీన్ స్టూడియోలను కొని తన పేరు పెట్టుకున్నాడు. 'కింగ్ ఆఫ్ కింగ్స్' (1961), 'ఎల్ సిద్' (1961), '55 డేస్ ఎట్ పెకింగ్' (1963), 'ద ఫాల్ ఆఫ్ ద రోమన్ ఎంపైర్' (1964) ఆయన తీసినవే. ఈ నాలుగింటిలోనూ పర్రోందో కళాశాఖలో పనిచేశాడు. 'ఎల్ సిద్' నుంచి ప్రధాన రూపకర్తలు ఇటలీవాడు వెనియేరో కొలసాంతి, ఆయన జతగాడు జాన్ మూర్. వాళ్ళు గీసినదాన్ని నేలమీద నిలబెట్టవలసినవాళ్ళలో స్పానిష్ బృందం ఉంది, పర్రోందో ఆ బృందంలోవాడు.

'ఎల్ సిద్'లో వలెన్సియా నగరాన్ని సముద్రపు ఒడ్డున ఉన్న పెనీస్కొలా కోట దగ్గర తీశారు. అసలు వలెన్సియాలో కొత్త మేడలు లేచిపోయాయి గనుక పక్కవాడు వేషం కట్టవలసి వచ్చింది. ఇక మాడ్రిడ్‌కు దాపున లాస్ మతాస్ అనే చోట జరిగినది వింటే నవ్వాలో ఏడవాలో తెలియదు. రోము సినిమా కోసం అక్కడ సెట్ కట్టడం మొదలుపెట్టారు. కథానాయకుడిగా అనుకున్న చార్ల్‌టన్ హెస్టన్‌కు ఆ కథ నచ్చలేదు, పెకింగ్ కథ నచ్చింది. దాంతో మొదలుపెట్టిన రోమును పీకేసి అదే నేలలో పెకింగ్ కట్టారు. 1900లో చైనాలో జరిగిన బాక్సర్ తిరుగుబాటు కథ అది. వేషాల కోసం యూరప్ నగరాల్లో ఉన్న చైనీయులను పిలిపించారు. ఆ సినిమా అయిపోయాక పెకింగ్‌ను కూల్చి మళ్ళీ రోము కట్టారు.

ఈ రెండో రోము సంగతి చెప్పుకోదగినది. రోమన్ ఫోరం అనే రచ్చస్థలాన్ని 400 మీటర్ల పొడవు, 230 మీటర్ల వెడల్పున కట్టారు. 1,100 మంది పనివాళ్ళు 7 నెలలు శ్రమించారు. సినిమా చరిత్రలో ఆరుబయట కట్టిన సెట్లన్నిటిలోకీ పెద్దదని దానికి పేరు. కెమెరాకు వెనుకభాగం కనబడదని తెలిసి కూడా చాలా కట్టడాలను నిండుగానే కట్టారు. చిత్రలేఖనం చదివిన వాళ్ళకు ఇంతకంటే ఏం కావాలి? చక్రవర్తులకు కూడా అన్ని నెలల్లో అంత రోము కట్టే యోగం దక్కలేదు. పెట్టుబడి పెట్టినవాడి వైపు నుంచి చూస్తే మాత్రం గుండె దడదడలాడుతుంది. సినిమా ఖర్చు సుమారు 1 కోటి 90 లక్షల డాలర్లు. అమెరికాలో వచ్చిన రాబడి అందులో నాలుగోవంతు దరిదాపు. 1964లోనే బ్రాన్‌స్టన్ సామ్రాజ్యం దివాలా తీసింది. రోము పతనం తీసినవాడు దానితోనే పతనమయ్యాడని లోకం పరిహాసమాడింది.

ఆ దివాలా విచారణలో ఒక ప్రశ్న పుట్టి అమెరికా సుప్రీంకోర్టుదాకా వెళ్ళింది. స్విస్ బ్యాంకులో మీకు ఎప్పుడైనా ఖాతా ఉండేదా అని బ్రాన్‌స్టన్‌ను అడిగారు. కంపెనీకి జ్యూరిక్‌లో ఆరు నెలల పాటు ఖాతా ఉండేదని ఆయన జవాబు. చెప్పినది నిజమే. అడిగినది కంపెనీ సంగతి కాదు, ఆయన సొంత సంగతి. సొంత ఖాతా జెనీవాలో సుమారు ఐదేళ్ళు నడిచింది. అబద్ధపు సాక్ష్యమని కింది కోర్టు శిక్ష వేసింది. నోటితో చెప్పిన మాట అక్షరాలా నిజమైనప్పుడు, తప్పుదారి పట్టించినా సరే అది అబద్ధపు సాక్ష్యం కాదని, సరిగా మళ్ళీ ప్రశ్న వేయవలసిన బాధ్యత అడిగేవాడిదేనని 1973లో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా కొట్టివేసింది. న్యాయవిద్యార్థులు నేటికీ చదివే తీర్పు అది. సెట్ లాంటి జవాబు అని నాకు అనిపించింది. ముందు గోడ ఉంది, వెనుక ఇల్లు లేదు.

ఇలాంటి గోడలు మా ఉద్యోగంలోనూ చూస్తాం. ఒకసారి సరుకు తనఖా మీద అప్పు తీసుకున్న ఒకాయన గోడౌను తనిఖీకి వెళ్ళాను. తలుపు తీయగానే కప్పుదాకా బస్తాలు. ఒక బస్తా లాగించి చూస్తే వెనుక మూడొంతులు ఖాళీ. ముందు వరుస మాత్రమే నిండుగా పేర్చాడు. అదీ సెట్టే. తేడా ఒక్కటే. సినిమా చూసేవాడు అది అసలు రోము కాదని తెలిసే టిక్కెట్టు కొంటాడు, నమ్మించమని తానే అడుగుతాడు. అప్పిచ్చినవాడు అలా అడగలేదు. పర్రోందో పనిలోని నిజాయితీ ఇక్కడుందని నా అభిప్రాయం. చేస్తున్నది నటనే అయినా, చూసేవాడికి ఇచ్చిన మాట తప్పదు.

బ్రాన్‌స్టన్ మునిగినా పర్రోందో మునగలేదు. అప్పటికే 'లారెన్స్ ఆఫ్ అరేబియా' (1962)లో కళాశాఖలో పనిచేసి ఉన్నాడు. ఆ సినిమాలో ఒంటెల దండు దూసుకుపోయే అకాబా రేవుపట్నం జోర్డాన్‌లోది కాదు, స్పెయిన్ దక్షిణాన అల్మెరియా జిల్లాలో, కర్బొనేరాస్ ఊరి దగ్గర ఒక ఎండిన ఏటి ముఖాన కట్టినది. కైరోలోని బ్రిటిష్ సైనిక కార్యాలయంగా కనబడేది సెవిల్ నగరంలోని ప్లాసా దె ఎస్పాన్యా. తర్వాత 'జివాగో'. ఈ రెండు సినిమాలకూ కళాదర్శకత్వానికి ఆస్కార్ వచ్చింది. మొదటిది జాన్ బాక్స్, జాన్ స్టోల్, దారియో సిమోనీలకు, రెండోది జాన్ బాక్స్, టెరెన్స్ మార్ష్, దారియో సిమోనీలకు. పర్రోందో పేరు లేదు. అన్యాయం జరిగిందని నేను అనడం లేదు, రూపకల్పన బాక్స్‌దే. కానీ ఎండలో మంచు పరిచినవాళ్ళు, ఇసుకలో పట్నం నిలబెట్టినవాళ్ళు ఎప్పుడూ 'తదితరులు' అన్న పద్దులోకే పోతారు. మా పుస్తకాల్లో కూడా పెద్ద మొత్తాలు అన్నీ వేశాక మిగిలినవి 'సండ్రీస్' అని రాసేస్తాం. పర్రోందో పాతికేళ్ళకు పైగా ఆ పద్దులోనే ఉన్నాడు.

ఆ పద్దులోంచి ఆయన పేరు బయటపడినది 'పాటన్' (1970)తో. అమెరికా సేనాని జార్జ్ పాటన్ కథ, దర్శకుడు ఫ్రాంక్లిన్ షాఫ్నర్. ట్యునీషియా ఎడారి యుద్ధం అల్మెరియాలో తీశారు. మంచులో జరిగిన యుద్ధాన్ని కూడా స్పెయిన్‌లోనే తీశారు. సెగోవియా దగ్గరి పాత రాజభవనాలు సేనాధిపతుల విడిదులయ్యాయి. ట్యాంకులు, సైనికులు స్పెయిన్ సైన్యానివే. అమెరికన్ ట్యాంకులు కొన్ని జర్మన్ గుర్తులు వేసుకుని జర్మనీవి అయిపోయాయి. ఒకే దేశపు నేల నాలుగైదు దేశాలుగా నటించి, అతుకులు కనబడకుండా పోవాలి. ఆ సినిమా మొదటి దృశ్యం చూసినవాళ్ళు మరచిపోరు. తెర నిండా అమెరికా జెండా, దాని ముందు చీమంత మనిషి నిలబడి మాట్లాడతాడు. రోములో 1,100 మంది 7 నెలలు కట్టినదానికంటే ఈ ఒక్క గుడ్డ లోకానికి ఎక్కువ గుర్తుండిపోయింది.

1971 ఏప్రిల్‌లో 'పాటన్'కు 7 ఆస్కార్లు వచ్చాయి. కళాదర్శకత్వపు బహుమతి పత్రంలో నాలుగు పేర్లు. యూరీ మెక్‌క్లియరీ హాలీవుడ్ పాతకాపు. మిగిలిన మూడు పేర్లూ స్పెయిన్‌లో పనిచేసేవాళ్ళవే. హిల్ పర్రోందో, అంతోనియో మతెయోస్, ఫ్రాన్సు నుంచి వచ్చిన పియర్ లూయీ తెవెనే. మరుసటేడు 'నికొలస్ అండ్ అలెగ్జాండ్రా'. దర్శకుడు మళ్ళీ షాఫ్నరే. చివరి జారు చక్రవర్తి కుటుంబ కథను స్పెయిన్‌లోనూ యుగోస్లావియాలోనూ తీశారు. 1972లో దానికీ బహుమతి వచ్చింది. ఈసారి జాన్ బాక్స్ సరసన పర్రోందో పేరు ఉంది. 'జివాగో' నాడు వెనుక వరుసలో నిలబడిన మనిషి ఏడేళ్ళలో పక్క కుర్చీలోకి వచ్చాడు. 1973లో జార్జ్ క్యూకర్ తీసిన 'ట్రావెల్స్ విత్ మై ఆంట్'కు మూడోసారి నామినేషన్ వచ్చింది. బహుమతి మాత్రం 'కాబరే' సినిమాకు పోయింది.

తర్వాత జాన్ మిలియస్ 'ద విండ్ అండ్ ద లయన్' (1975)కు పూర్తి ప్రొడక్షన్ డిజైనర్‌గా సెవిల్, అల్మెరియాలను 1904 నాటి మొరాకోగా మార్చాడు. 'రాబిన్ అండ్ మరియన్' (1976) కోసం నవర్రా అడవులు ఇంగ్లండ్ అడవులయ్యాయి. 'ద బాయ్స్ ఫ్రం బ్రెజిల్' (1978) షాఫ్నర్‌తో మరో సినిమా. కానీ గాలి మారుతోంది. 1975 నవంబరు 20న ఫ్రాంకో చనిపోయాడు. స్పెయిన్‌లో కూలిరేట్లు పెరిగాయి, చిక్కుపడ్డ డబ్బు అన్న మాటే పోయింది. విదేశీ సినిమాలు రావడం తగ్గింది. తగ్గినది మంచికే కదా అని ఆర్థికశాస్త్రం చెబుతుంది. మనుషుల బతుకు బాగుపడింది, చవకతనం పోయింది. మరి పెద్ద పెద్ద నగరాలు కట్టడం నేర్చిన చేతులు ఏం చేయాలి?

ఆయన రెండో జీవితం ఇక్కడ మొదలవుతుంది. హోసే లూయిస్ గార్సీ అనే స్పానిష్ దర్శకుడు తీసిన 'వొల్వేర్ అ ఎంపెసార్' (1982)కు ఆయన కళాదర్శకుడు. అంతర్యుద్ధం నాడు దేశం విడిచిపోయిన రచయిత ముసలితనంలో నోబెల్ బహుమతి అందుకుని, పుట్టిన ఊరికి కొద్దిరోజుల కోసం తిరిగి వస్తాడు. ఆ ఊరు హిహోన్, అది ఆస్తూరియాస్‌లోనే ఉంది. విదేశీ భాషాచిత్రం ఆస్కార్ గెలిచిన మొదటి స్పెయిన్ సినిమా అది, 1983లో. అక్కడ రోము లేదు, పెకింగ్ లేదు. ఒక హోటలు గది, ఒక బడ్డీ, ఒక సముద్రపు ఒడ్డు. అప్పటిదాకా పర్రోందో పరాయి ఊళ్ళను స్పెయిన్‌లో కట్టాడు. ఇప్పుడు స్పెయిన్‌ను స్పెయిన్‌గా చూపించే పని పడింది.

గార్సీతో ఆ జత మూడు దశాబ్దాలు సాగింది. స్పెయిన్ జాతీయ సినిమా బహుమతులైన గోయాలు ఆయనకు నాలుగు వచ్చాయి, నాలుగూ గార్సీ సినిమాలకే. 'కన్‌సియోన్ దె కూనా' (1994) మఠం గుమ్మంలో వదిలేసిన పసిపాపను సన్యాసినులు పెంచిన కథ. 'యూ ఆర్ ద వన్' (2000) నలుపు తెలుపుల్లో తీసిన, 1940ల నాటి ఆస్తూరియాస్ పల్లె కథ. 'తియోవీవో సి. 1950' (2004) పేరులోనే ఉన్నట్టు 1950 ప్రాంతపు మాడ్రిడ్ కథ. పేదరికంలో ఉన్న కాఫీ హోటళ్ళు, డ్యాన్సు హాళ్ళు, ఆఫీసులు. నాలుగోది 'నినెట్' (2005). ఆ నాలుగో గోయా 2006లో అందుకునేనాటికి ఆయన వయసు 84. జారు అంతఃపురం పుస్తకాలు చూసి కట్టినది. 1950 నాటి మాడ్రిడ్‌కు ఏ పుస్తకమూ అక్కర్లేదు, ఆ వీధుల్లో తాను నడిచాడు. ఏ గోడకు ఏ రంగు వెలిసిందో, దీపం ఎంత మసకగా వెలిగేదో ఆయనకు ఒంటికి తెలుసు. రాతి అట్టతో మొదలైనవాడు చివరకు తాను బతికిన పేద కాలాన్నే కట్టి చూపించాడు. ఆస్కార్ల కంటే ఈ గోయాలే పెద్దవని నేను అనుకోవడానికి కారణం ఇదే. 90 దాటాక కూడా, 2012లో వచ్చిన గార్సీ సినిమా 'హోమ్స్ అండ్ వాట్సన్: మాడ్రిడ్ డేస్'కు పనిచేశాడు. 2016 డిసెంబరు 24న మాడ్రిడ్‌లో కన్నుమూశాడు. 95 ఏళ్ళు.

ఇప్పుడు లెక్క తేల్చుకుందాం. సినిమా సెట్ ఖాతా పుస్తకాల్లో ఆస్తిగా నిలవదు. కట్టిన రోజే ఖర్చు, షూటింగ్ అయ్యాక మిగులు విలువ సున్న. లాస్ మతాస్‌లో రోము లేదు, కనీయాస్‌లో మాస్కో లేదు. ఆ నేలల్లో మామూలు జనం ఇళ్ళు కట్టుకుని కాపురాలు చేస్తున్నారు. పెట్టుబడి పెట్టినవాళ్ళు కొందరు మునిగారు. నియంతకు డాలర్లూ పేరూ వచ్చాయి, ఆ కాలం కూడా గతించింది. మరి జమ వైపు ఏం మిగిలింది?

పని మిగిలింది. కూలి చవక అని వచ్చినవాళ్ళు తెలియకుండానే ఒక తరానికి విద్య నేర్పిపోయారు. వడ్రంగి దగ్గర నుంచి కళాదర్శకుడి దాకా వందల మంది ఆ సెట్ల మీద చేయి తిప్పుకున్నారు. డబ్బు వెళ్ళిపోయాక ఆ చేతులు తమ భాషలో, తమ కథలకు పనిచేశాయి. దీన్ని చూపించి దోపిడీ మంచిదే అని వాదించకూడదు. తక్కువ కూలి తక్కువ కూలే, నోరు మూయించిన దేశం నోరు మూయించిన దేశమే. కానీ ఆ ఖర్చు పద్దును చూపించి, మనుషులు నేర్చుకున్నదాన్ని కొట్టివేయడమూ న్యాయం కాదు. రెండు పద్దులూ పక్కపక్కన రాసి ఉంచాలి. ఒకదానితో ఒకటి చెల్లు వేయకూడదు.

'ఎల్ సిద్', 'జివాగో', 'పాటన్' ఇప్పుడు ఇంట్లో కూర్చుని చూసే వీలుంది. ఈసారి చూసేటప్పుడు హెస్టన్‌నో ఒమర్ షరీఫ్‌నో కాసేపు వదిలిపెట్టి, వాళ్ళ వెనుక ఉన్న గోడ వైపు చూడండి. ఆ గోడ మీది మరకను కూడా ఎవరో ఒకరు ఒక పూటంతా నిలబడి పూసి ఉంటారు. సినిమా అయిపోయాక వెంటనే ఆపేయకుండా పేర్లు కూడా చదవండి. పర్రోందో పేరు కొన్నిటిలో చివరి వరుసల్లో ఉంటుంది, కొన్నిటిలో ఆ చోటు కూడా దొరకదు.